కళ్లద్దాలు లేకుండా వచ్చిన ఫాదర్

మా కొండ ఊళ్ళో ఆ ఏడాది జెలిందా భయపడినంతగా ఇంకెవరూ భయపడి ఉండరు. ఆవిడ భయమంతా టీవీలో వచ్చే ఒక ఫాదర్ గురించి.

మంగళవారం సాయంత్రమైతే చాలు, వీధి వాళ్లంతా ఎవరి కుర్చీ వాళ్లు మోసుకుని పక్కింటి ఆర్జియా ఇంటికి చేరేవాళ్లు. ఆ నలుపు తెలుపు పెట్టెలో నల్ల అంగీ వేసుకున్న ఫాదర్ ఒకాయన దొంగల్నీ హంతకుల్నీ పట్టేవాడు. పోలీసులు కాళ్లరిగేలా తిరుగుతుంటే ఈయన ఓ మూల కూర్చుని రొట్టె నములుతూ, చివర్లో వేలెత్తి "నువ్వే" అనేవాడు. గదంతా హమ్మయ్య అనుకునేది. జెలిందా మాత్రం ముందు కూర్చున్నవాళ్ల వెనక తల దాచుకునేది. ఎందుకంటే ఊరు వెతుకుతున్న దొంగ ఆవిడే.

పెళ్లికి ముందు జెలిందా మైదానాల్లోకి దిగి వరిమళ్లలో కలుపు తీసేది. నడుం అక్కడే పోయింది. తర్వాత మా చర్చి తుడవడం, పీఠం మీది గుడ్డలు ఉతికి ఇస్త్రీ చేయడం ఆవిడ పని. ఒకరి జోలికి పోయే మనిషి కాదు. ఆ చలికాలం మొగుడు అమెదియోకి ఊపిరితిత్తుల జబ్బు ముదిరి, డాక్టరు పెదవి విరిచాడు. ఆ సాయంత్రం చర్చి తుడుస్తూ మరియతల్లి ముందు ఆగింది. బొమ్మ చుట్టూ జనం మొక్కు తీర్చుకుని వేలాడదీసిన వెండి గుండెలు. ఒకటి తీసి ఏప్రన్‌లో దాచుకుంది. రాత్రికి మొగుడి ఛాతీ మీద పెట్టి, పొద్దున్నే తిరిగి తగిలించేద్దామనుకుంది.

తెల్లారేసరికి అమెదియోకి జ్వరం దిగింది. ఏడుస్తూ చర్చికి పరిగెత్తింది. అప్పటికే మొదటి పూజకి వచ్చిన ఆర్జియా ఖాళీ మేకు చూసి ఊరంతా పోగేసింది. ఆ రోజు నుంచి మరియతల్లి ముందు ఎవరో ఒకరు కాపలాగా మోకరించే ఉన్నారు.

ఫాదర్ దగ్గర గుట్టుగా పాపాలు ఒప్పుకునే పాపసంకీర్తనంలో చెప్పేయొచ్చు కదా అంటారేమో. మొహాలు కనపడకుండా మధ్యలో జాలీ ఉన్నా, దాని అవతల కూర్చునేది మా ఫాదర్ కల్లిస్తోయే. ఆవిడ గొంతు ఆయనకి తెలుసు. పైగా టీవీ ఫాదర్ జాలీ వెనక విన్న దగ్గుని బట్టే ఒకణ్ణి పట్టేశాడు. బయటపడితే పని పోవడం అటుంచి, మరియతల్లి సొమ్ము కాజేసిన దాని మొగుడని అమెదియో వీధిలో తలెత్తుకోలేడు.

ఫాదర్ కల్లిస్తో సంగతి చెప్పాలి. మోకాళ్ల నొప్పులు, సీసా అడుగంత మందం కళ్లద్దాలు. అవి లేకపోతే మనిషికీ మేకకీ తేడా తెలియదు.

"టీవీలో ఆయనైతే ఈపాటికి దొంగని లాక్కొచ్చేవాడు," అని ఆర్జియా ఆయన మొహం మీదే అనేసింది. "మీరేమో చలిమంట దగ్గర కూర్చున్నారు."

"ఆయనకి కథ రాసిచ్చేవాళ్లున్నారమ్మా. నాకెవరున్నారు?" అన్నాడాయన.

కానీ ఈస్టర్ ముందు ఆదివారం పూజలో ఆయనే ఒక మాట చెప్పాడు. ఇంటింటికీ వచ్చి పవిత్ర జలం చల్లడం ఏటా ఉన్నదే. ఇంటావిడ గుడ్లు ఇవ్వడమూ ఉన్నదే. "ఈసారి గదుల్లోకి నేనొక్కణ్ణే వెళ్తాను. ఇంటావిడ ఒక్కతే వంటింట్లో ఉండాలి, మిగిలినవాళ్లు వాకిట్లో. బుట్ట బల్ల మీద పెడతాను, గుడ్లు మీరే సర్దండి."

ఊరంతా ఒకరినొకరు మోచేత్తో పొడుచుకున్నారు. సోదా చేస్తాడన్నమాట. జెలిందాకి "ఒక్కణ్ణే" అన్న మాట తప్ప ఇంకేమీ వినపడలేదు.

ఆ వెండి గుండెని పిండి డబ్బాలో దాచింది. అక్కణ్ణుంచి పరుపులోకి, పరుపులోంచి కోళ్ల గూట్లోకి మార్చింది. కోడి కూసినా ఉలిక్కిపడేది. చివరికి రవికె లోపల పిన్నుతో గుచ్చుకుంది. అన్నం సయించడం మానేసింది.

"ఏమైందే నీకు? జబ్బు నాకు గానీ నీకు కాదు కదా," అన్నాడు అమెదియో.

"ఏం లేదు. నువ్వు దుప్పటి కప్పుకో."

ఫాదర్ వచ్చాడు, కళ్లద్దాలు లేకుండా. గడప తట్టుకుని తూలాడు. బుట్ట బల్ల మీద పెట్టి, గోడ తడుముకుంటూ లోపలికి నడిచాడు. ఆ ఇంటికున్నవి రెండే గదులు. అయినా ఎంతకీ బయటికి రాలేదు. జపం మాత్రం గట్టిగా, వీధికి వినపడేలా చదువుతున్నాడు. పరుపు ఎత్తుతున్న చప్పుడు కోసం, బీరువా తలుపు కోసం జెలిందా చెవులు రిక్కించింది. జపం తప్ప ఏమీ లేదు. తనెక్కడున్నాడో తెలిసేలా చదువుతున్నట్టుంది.

అప్పుడు బుట్ట వైపు చూసింది. దాంట్లో అప్పటికే నాలుగిళ్ల గుడ్లు.

రవికె లోపలి పిన్ను తొందరగా లాగబోతే వేలికి గుచ్చుకుంది. వెండి గుండెని అడుక్కంటా తోసి, పైన తన గుడ్లు సర్దింది. లోపల ఫాదర్ రెండుసార్లు దగ్గి, కాసేపాగి బయటికొచ్చాడు.

"అమెదియోకి ఎలా ఉందమ్మా?"

"లేచి తిరుగుతున్నాడు ఫాదర్."

"ఆ తల్లి దయ," అంటూ బుట్ట అందుకున్నాడు. వంగినప్పుడు అంగీ జేబులోంచి కళ్లద్దాల కాడ బయటికి కనపడింది. ఆయన వాటిని తీసి పెట్టుకోలేదు. బుట్టలోకి చూడనూ లేదు. ఆర్జియా గడప దగ్గర మళ్లీ తూలుతూ, అక్కడా అలాగే గట్టిగా చదివాడు. ఆ మోకాళ్లతోనే ఊరి చివర పిండిమర దాకా ఒక్క ఇల్లూ వదలకుండా తిరిగాడు.

ఈస్టర్ నాటికి వెండి గుండె మేకుకి వేలాడింది.

మంగళవారం ఆర్జియా అందరికీ కుర్చీలు సర్దుతూ ఒకటే నస. "బుట్టలో దొరికిందంట. ఎవరింట్లోనో తెలీదంట. కళ్లద్దాలు పారేసుకున్నాడంట. ఈయనా ఒక డిటెక్టివేనా! ఏమే జెలిందా, నువ్వు రోజూ చూస్తావుగా, నిజంగా ఏమీ కనపడదా ఆయనకి?"

"ఏమీ కనపడదక్కా," అంది జెలిందా.

పెట్టెలో ఫాదర్ లేచి నిలబడ్డాడు. గదిలో కుర్చీలు ముందుకి జరిగాయి. పెట్టెలోనే ఆయన ఎదురుగా కూర్చున్న ఒక ఆడమనిషి ఒళ్లోని సంచీని దగ్గరికి లాక్కుంది. ఆయన వేలెత్తకముందే జెలిందా తన కుర్చీ తీసుకుని ఇంటికి వెళ్లిపోయింది.