అంకెలు లేని లెక్కలు

ఆ రోజుల్లో నాకు ఎవరిమీదా నమ్మకం ఉండేది కాదు. చమురు ధర పెరిగి దోహా అంతా ఒకేసారి కట్టడం మొదలుపెట్టిన కాలం అది. ఇప్పటి వెస్ట్ బే అప్పటికింకా మట్టి పోసి పూడుస్తున్న సముద్రం. కాకినాడలో డిప్లొమా చేసి, దోహాలోని ఫరీజ్ బిన్ మహమూద్‌లోని ఓ కంపెనీలో డ్రాయింగులు గీసే పనికి కుదిరాను. కాంట్రాక్టుల కోసం కంపెనీలు కొట్టుకుంటున్నాయి గనక, మన లెక్కలు పక్క కంపెనీకి చేరకుండా చూడమని చేరిన రోజే చెప్పారు. (అందరికీ చెప్పే మాటే. నేను మాత్రం నాకే అప్పగించారనుకున్నాను.)

నా పక్క బల్ల మీద ఒక గ్రీసు దేశస్థుడు పనిచేసేవాడు. యాభై దాటిన మనిషి, పెద్ద మీసాలు. ఆయన్ని మీసాలాయన అనేవాళ్ళం. మధ్యాహ్నం ఆఫీసు మూసి అందరం గదులకు పోతే ఆయన ఒక్కడే ఉండిపోయేవాడు. ఓ రోజు మరిచిపోయిన క్యారియర్ కోసం వెనక్కి వెళ్తే, ఏదో రాస్తున్నవాడు నన్ను చూసి గబుక్కున కాగితాలు సొరుగులో పెట్టేశాడు. ఇంకేం కావాలి నాకు? మర్నాడు ఆయన టీకి వెళ్ళగానే సొరుగు తెరిచాను. కాగితాల నిండా పై, తీటా, సిగ్మా, లాంబ్డా. ఒక్క అంకె లేదు. అంకెలే లేని లెక్కంటే ఇంకెంత పెద్ద లెక్కో అని వణికాను. మధ్యలో బొమ్మలు: స్తంభాల వరస (మా కొత్త బిల్డింగు ముఖభాగమే అని ఒట్టేసేవాణ్ణి), తల లేని మగవాడు, చేతులు లేని ఆడమనిషి, తల వెనక గుండ్రటి చక్రంతో ఒక గడ్డపాయన. ఆ చక్రం వాటర్ ట్యాంకు ప్లాను అనిపించింది.

నా గదిలో ఉండే డ్రైవరన్నది జగిత్యాల వైపు. అంతా విని బీడీ ఆర్పేశాడు. "తలకాయ లేనోళ్ళ బొమ్మలెందుకు గీస్తడు తమ్మీ? ఏదో ఉన్నది. పోయి మేనేజర్‌కు చెప్పు. రేపు పోలీసోళ్ళొస్తే పక్క బల్లోనివి, నీకు సుత ఎరుకే అంటరు."

ఆ రాత్రి నిద్ర లేదు. పొద్దున్నే సొరుగులోంచి కాగితాలు తీసి పట్టుకెళ్ళి మేనేజర్ ముందు పెట్టాను. ఆయన హైదరాబాదువాడు, మితభాషి. అనుమానం రుజువైతే మీసాలాయన్ని ఆ వారమే విమానం ఎక్కిస్తారని నాకు తెలుసు. తెలిసే ఇచ్చాను.

మేనేజర్ పిలిపిస్తే మీసాలాయన వచ్చి కాగితాలు చూసి, తర్వాత నన్ను చూశాడు. ముక్కలుముక్కల ఇంగ్లీషులో చెప్పాడు. "నా కూతురికి తొమ్మిదేళ్ళు. మా దేశం కథ వారానికి ఒక యుగం చొప్పున రాసి పంపుతున్నాను. పాత గుళ్ళు, రాతి బొమ్మలు, ఆ తర్వాత చర్చిల్లో సాధువుల పటాలు. కంపెనీ కాగితం వాడాను. అందుకే దాచాను."

మేనేజర్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "ఏమయ్యా, గ్రీకోళ్ళు ఇంటికి ఉత్తరం ఏ అక్షరాలల్ల రాస్తరనుకున్నవ్?"

నిజం చెప్పాలంటే, ఆ అక్షరాలు మా లెక్కల మాస్టారివనే అనుకున్నాను. వాటితో ఒక జాతి మొత్తం ఉత్తరాలు రాసుకుంటుందని తోచలేదు. అయినా పౌరుషం చావక, "మరి తలలేవండీ?" అని అడిగాను.

"పొలం దున్నుతుంటే అలాగే దొరికాయి," అన్నాడాయన. "తల దొరకలేదని బొమ్మను పారేస్తామా?"

బయటికొచ్చాక కాగితాలు సర్ది ఆయన చేతికిచ్చాను. ఆయనే నా భుజం మీద చెయ్యేసి, మధ్యాహ్నం ఉండిపొమ్మన్నాడు. ఉన్నాను. ఆ మధ్యాహ్నమే కాదు, ఆయన ఒప్పందం ముగిసేదాకా. ఏ బొమ్మ ఏ కాలంలో చెక్కారో, ముందు బిగుసుకు నిలబడిన రాతి మనుషులు తర్వాత ఒక మోకాలు వంచి ఎలా తేలికపడ్డారో, అంతా చెప్పేవాడు. కొన్ని వారాలకు కూతురి దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. నా సంగతి కూడా రాశాడట. ఆ పిల్ల నా బొమ్మ గీసి పంపింది: పెద్ద టోపీ, లాఠీ, సొరుగులోకి దూరిన పొడుగాటి ముక్కు.

ఇప్పుడు నాకు ఆయన అప్పటి వయసు ఎప్పుడో దాటింది. ఆ ముక్కువాణ్ణి తలుచుకుంటే కోప్పడాలనే అనుకుంటాను. కానీ ఇరవై రెండేళ్ళవాడు, ఇల్లొదిలి వచ్చినవాడు, భయపడ్డాడు పాపం అనిపించి నవ్వొస్తుంది.