ఓవె స్ట్రాండ్ పేరుతో వచ్చిన సినిమా

ఓవె స్ట్రాండ్ గారి పేరుతో పదకొండు సినిమాలు వచ్చాయి. పదింటిని జనం వారంలో మర్చిపోయారు. పదకొండోది ఆయన రాసింది కాదు. ఆ సంగతి తెలిసినవాళ్లలో ఇంకా బతికున్నది నేనొక్కదాన్నే.

కోపెన్‌హాగన్‌లో జర్మన్లు తిష్ట వేసిన ఐదేళ్లూ నేను ఆయన కథలు రాసే సినిమా కంపెనీలో టైపిస్టుని. వీధుల్లో బూట్ల చప్పుడు వినలేక జనం సినిమా హాళ్లలో దూరేవాళ్లు. వాళ్లకు నవ్వులు కావాలి, చివర్లో పెళ్లి కావాలి. స్ట్రాండ్ గారు అడిగినన్ని పెళ్లిళ్లు చేసిపెట్టేవారు. మహా పిరికిమనిషి. సెన్సారు కన్నెర్ర చేస్తుందేమోనని కథలో వాన కురిపించడానికి కూడా జంకేవారు.

ఆయన ప్రాణస్నేహితుడు ఇసాక్ సాలమన్‌సన్ యూదుడు. నలభై మూడు వేసవిలో అతనొక కథ రాసి తెచ్చాడు, కొడుకు కోసం ఎదురుచూసే తల్లి కథ. టైపు చేస్తూ ఏడ్చేశాను. యూదుడి పేరు తెర మీద వేయడానికి కంపెనీకి ధైర్యం లేదు. పేర్ల కాగితం అన్నిటికన్నా చివర కొట్టడం మా అలవాటు. దాన్ని మిషనుకు ఎక్కించి, ఎవరి పేరు కొట్టమంటారని అడిగాను.

“నీ పేరే పెట్టెయ్ రా,” అన్నాడు ఇసాక్, పక్కనే ఉన్న స్ట్రాండ్ గారితో. “ఈ పీడ విరగడయ్యాక నాది నాకిచ్చేద్దువుగాని.”

“నువ్వు అడక్కముందే ఇస్తాను,” అన్నారు స్ట్రాండ్ గారు.

సెప్టెంబరు ఆఖర్లో యూదులను పట్టుకుపోతారని గుప్పుమంది. ఇసాక్, అతని చెల్లెలు ఫానీ వేర్వేరు చేపల పడవల్లో స్వీడన్‌కు బయల్దేరారు. ఫానీ చేరింది. ఇసాక్ ఎక్కిన పడవ మునిగిపోయింది.

మరుసటి ఏడు సినిమా విడుదలైంది. పత్రికలు స్ట్రాండ్ గారిని ఆకాశానికెత్తాయి. ముక్కూమొహం తెలియనివాళ్లు దారిలో ఆపి చెయ్యి కలిపేవారు. యుద్ధం ముగిశాక నేను ఆ మాట గుర్తుచేస్తే, ముందు ఫానీకి చెప్పి, ఆ తర్వాతే లోకానికి చెబుతానన్నారు. నేను నమ్మాను. ఆయనా నమ్మే అన్నారు.

జూన్‌లో ఫానీ మా ఆఫీసుకే వచ్చింది. స్ట్రాండ్ గారు లేచి నిలబడ్డారు. ఆయన నోరు తెరిచేలోపే ఆమె అందుకుంది.

“నిన్న మీ సినిమా చూశానండీ. అంటుకోని పొయ్యిని ఆ తల్లి, ‘నువ్వూ మా ఆయనలాగే, పొగ తప్ప పని లేదు’ అని తిడుతుందే, అది మా అమ్మే. అన్నయ్య కబుర్లన్నీ గుర్తుపెట్టుకుని రాశారు. వాడి కాగితాలన్నీ వాడితోనే మునిగిపోయాయి. మీరు రాయకపోతే వాడి మాట ఒక్కటీ మిగిలేది కాదు.”

స్ట్రాండ్ గారు నావైపు చూశారు. నేను మిషను వైపు చూశాను.

“వాడంటే నాకు ప్రాణమమ్మా,” అన్నారాయన.

అది అబద్ధం కాదు. అందుకే నాకు మరీ అసహ్యం వేసింది, ఆయన మీదా, నా మీదా. ఆ తర్వాత ఆయన ఒక్క వాక్యం రాయలేదు. పదహారేళ్లు ఒక పుస్తకాల దుకాణంలో పొట్లాలు కట్టి, నిరుడు పోయారు.

అంత్యక్రియల్లో ఫానీ నా చెయ్యి పట్టుకుంది. “అన్నయ్యకు సమాధంటూ లేదు కదా. ఈయన సమాధికే పూలు తెస్తుంటాను,” అంది.

ప్రతి ఆదివారం తెస్తోంది. కుండీలో నీళ్లు పోసేది నేనే.