ఎర్రిస్వామి మోసిన పేరు

ఎర్రిస్వామికి అక్షరం రాదు. హిందూపురం బస్టాండులో బస్సు మీది బోర్డు చదవాలన్నా పక్కవాణ్ణి అడిగేవాడు. అయినా పెనుకొండ, హిందూపురం, ధర్మవరం తాలూకాల్లో ముప్పై రెండు ఇళ్ల వంశాలు, ఒక్కొక్కటి తొమ్మిదేసి పదేసి తరాలు, ఆయన నోటికి వచ్చు. వంశాలు చెప్పి బతికే ఇంట పుట్టాడు. ఊరు చిలమత్తూరు దగ్గర పల్లె. ఏటా చెనక్కాయలు పీకడం అయిపోయాక భుజాన కంబళి వేసుకుని బయలుదేరేవాడు. ఒక్కో ఇంటి అరుగు మీద కూర్చుని, ఆ ఇంటి మూలపురుషుడి నుంచి నిన్నమొన్న పుట్టిన పసిబిడ్డ దాకా వరుసగా చెప్పేవాడు. ఒక్కో పేరుకు ఆ ఇంటి ఇల్లాలు చేటలో పిడికెడు జొన్నలు వేయాలి. అది ఆచారం.

1982లో పోయాడు. చివరి మూడేళ్లు ముప్పై ఒక్క ఇళ్లకే తిరిగాడు. ఆ ఒక్క ఇల్లు ఎలా తగ్గిందో చెప్పాల్సినవాణ్ణి నేనే. నా ప్రమేయం అందులో చిన్నదేం కాదు.

నేను పెనుకొండలో తెలుగు అయ్యవారిని. ఛందస్సు తెలుసు, నాలుగు వ్యాసాలు అచ్చయ్యాయి, దానికి తగిన పొగరూ ఉండేది. 1978లో రంగప్ప నన్ను పిలిపించాడు. అరవై ఏళ్ల మనిషి, పక్క పల్లెలో పెద్ద రైతు. తమ వంశ చరిత్రను పుస్తకంగా వేయించాలని ఆయన కోరిక. పెనుకొండ రాజధానిగా ఉన్న రోజుల్లో వాళ్ల మూలపురుషుడు కోట వాకిలి కావలి కాశాడట. అది మొదటి అధ్యాయం కావాలన్నాడు. పేర్లు చెప్పడానికి ఎర్రిస్వామిని పిలిపించాడు. రాయడం నా వంతు.

చదువు రాని మనిషి చెబుతుంటే రాసుకోవడం నాకు మొదట్లో నామోషీగా ఉండేది. అందుకే నా పాండిత్యం కాస్త కలిపాను. ఆయన చెప్పింది ఒక ఈటె, ఒక గుర్రం. నా చేతిలో పడి అది నలభై గుర్రాల దండు అయింది. రంగప్ప మురిసిపోయాడు. చదివి వినిపిస్తే ఎర్రిస్వామి మాత్రం తల అడ్డంగా ఊపాడు.

"గుర్రం ఒకటే అయ్యోరూ. అదీ కుంటిది," అన్నాడు.

నాలుగు రోజులు కూర్చున్నాం. వంశం మూడుసార్లు మొదటినుంచీ చెప్పించుకున్నాను. రంగప్ప తల్లి రామసుబ్బమ్మ, ఎనభై ఏళ్ల మనిషి, పక్కనే కూర్చుని పేరుకో పిడికెడు వేస్తూ ఉండేది. మూడోసారి గమనించాను. రంగప్ప ముత్తాత చిన్నస్వామి పేరు చెప్పాక, తాత తిమ్మప్ప పేరు చెప్పే ముందు, ఎర్రిస్వామి చేట మీద అరచెయ్యి పెట్టి మూస్తున్నాడు. ఒక పేరు చెప్పేంత సేపు ఊరుకుని, చెయ్యి తీసి తిమ్మప్ప అంటున్నాడు. ఆ కాసేపూ రామసుబ్బమ్మ చెయ్యి ఆగుతోంది. ఆమె ఎన్నడూ అడగలేదు. వాళ్లత్త కూడా అలాగే ఆగేదట.

సాయంత్రం బస్సుకు పోతుంటే దారిలో అడిగాను. ఎర్రిస్వామి కంబళిని ఈ భుజం నుంచి ఆ భుజానికి మార్చుకున్నాడు.

"ఆడ ఒక పేరుండాది అయ్యోరూ. చిన్నసామి పెద్ద కూతురు. నాగమ్మ."

1876 నాటి ధాత కరువులో చిన్నస్వామీ, ఆయన భార్యా వారం తేడాతో పోయారు. నాగమ్మకు పద్నాలుగేళ్లు, తమ్ముడు తిమ్మప్పకు రెండు. పిల్లవాణ్ణి చంకనేసుకుని ఆమె పెనుకొండకు నడిచి వచ్చింది. ఇక్కడ సర్కారు కరువు పనిలో రాళ్లు కొట్టినవాళ్లకు గంజి పోసేవారు. అన్ని కులాలవాళ్లదీ ఒకటే బంతి. పగలంతా రాళ్లు కొట్టి, తన గంజిలో సగం తమ్ముడికి తాగించేది. బాబయ్య దర్గా దగ్గర గుర్రాలకు లాడాలు కొట్టే సాయిబు ఒకాయన వాళ్లిద్దరికీ ఇంట్లో చోటిచ్చాడు. రెండేళ్లకు వానలు పడ్డాయి. చిన్నాయనలు బండి కట్టుకుని వచ్చారు.

"మొగపిల్లోడు గదా, వాని నాలిక మీద తీర్థం పోసి బండెక్కిచ్చుకున్నారు," అన్నాడు ఎర్రిస్వామి. "ఆ యమ్మను ఎక్కిచ్చుకోలా, ఆ సాయిబు ఇంటికాడే ఇడిసిపోయిరి. అందరితో గంజి తాగింది, తురకోళ్ల ఇంట్లో పండుకున్యాది అన్నారు. ఇద్దరూ తాగింది ఒకే ముంతలో గంజే."

తర్వాత ఆ చిన్నాయనలే ఎర్రిస్వామి తాతను పిలిచి, ఆ పేరు ఇక చెప్పొద్దన్నారు. తాత ఒప్పుకున్నాడు. ఒప్పుకోకపోతే ఆ ఏడు గింజలు లేవు. కానీ చనిపోయేముందు కొడుకును కూర్చోబెట్టి, చెప్పొద్దు, మరిచిపోనూ వద్దు అని పేరు అప్పగించాడు. ఆ కొడుకు ఎర్రిస్వామికి అప్పగించాడు.

"నా కొడుకు బెంగుళూరులో మేస్త్రీ పని చేస్తాండాడు. వానికి ఆరు పేర్లు గూడా రావు. నేను పోతే ఆ యమ్మా పోతాది. నీ పుస్తకంలో ఒక్క తూరి రాయి అయ్యోరూ. నేనేమీ అడగను ఇంక."

మర్నాడు రంగప్పకు చెప్పాను. ఆయన కోపగించుకోలేదు. నింపాదిగా విన్నాడు.

"కోటలు, రాజులు అని రాస్తాండాం. నడమ ఈ గంజి కత ఏంటికి సార్? రాయొద్దు. ఆ పేరు నోట్లోంచి వస్తే మళ్లా నా వాకిలి తొక్కద్దని ముసలోనికీ చెప్పు."

సరేనన్నాను. అట్ట మీద నా పేరు పడబోతోంది. వెళ్లి రాసుకున్నాను: చిన్నస్వామికి ఏకైక సంతానం తిమ్మప్ప. ఆ వాక్యం ఎవరూ చెప్పి రాయించింది కాదు. పేరు వదిలేస్తే సరిపోయేది. ఏకైక అన్న మాట నేను వెతికి మరీ పెట్టాను. ఇన్నేళ్లయినా దాన్ని తలుచుకుంటే నా మీద నాకు అసహ్యం వేస్తుంది.

పుస్తకం హిందూపురం ప్రెస్సులో అచ్చయింది. 1979 మాఘమాసంలో పెనుకొండ సత్రంలో సభ. ధర్మవరం నుంచి, కదిరి నుంచి చుట్టాలు దిగారు. పుస్తకాలు పంచే ముందు ఎర్రిస్వామి వంశం చెప్పాలని ఏర్పాటు. రంగప్ప హెచ్చరిక నేను ముందే చేరవేశాను. ఆయన విన్నానన్నట్టు "ఇన్యాలే" అన్నాడు, అంతే.

మొదలుపెట్టాడు. ఒక గుర్రం, కుంటిదే. నా నలభై గుర్రాలూ పక్కకు తప్పుకున్నాయి. తరాలు నడిచి చిన్నస్వామి దగ్గర ఆగాయి. ఈసారి ఆయన చాలాసేపు ఆగాడు. ముసలాయన మరిచిపోయాడని జనం గుసగుసలాడారు. రంగప్ప పుస్తకం తెరిచి, "తిమ్మప్ప," అని అందించాడు.

"మరిచిపోలా సామీ," అన్నాడు ఎర్రిస్వామి. చేతులు జోడించి, అదే రాగంలో అందుకున్నాడు. "చిన్నసామికి పెద్ద కూతురు నాగమ్మ. ధాత కరువులో తమ్ముణ్ణి చంకనేసుకోని పెనుకొండకు నడిసొచ్చిన నాగమ్మ. రాళ్లు కొట్టి, గంజి పోసి, పిల్లోణ్ణి బతికిచ్చిన నాగమ్మ. ఆ నాగమ్మకు తమ్ముడు తిమ్మప్ప."

వంశం చెబుతుంటే నడుమ ఆపితే ఆ ఇంటికి అరిష్టమని మా వైపు నమ్మకం. రంగప్ప పళ్లు బిగించి నిలబడ్డాడు. ఎర్రిస్వామి తొందరపడకుండా చివరి పసిబిడ్డ దాకా చెప్పి ముగించాడు.

"అయింది గదా. ఇంక లెయ్," అన్నాడు రంగప్ప.

ఎర్రిస్వామి కంబళి దులుపుకుని లేచాడు. ఆ వాకిలి తనకు మూసుకుపోయిందని ఆయనకు తెలుసు. ముందు వరుసలోంచి రామసుబ్బమ్మ, "ఉండప్పా," అంది. కోడలు చెయ్యి పట్టుకుని లేచి నిలబడింది. తిమ్మప్ప ఆమెకు మామ.

"మా మామ ఏటా బాబయ్య ఉరుసుకు ఒంటిగా వచ్చి పోతాండె. కొత్త చీర ఒకటి సంచిలో పెట్టుకోని వస్తాండె. ఎవురికని అడిగితే పలకడు. నేను తప్పుగా అనుకుంటి ఆయన్ని, పోయేదాకా." ఆమె ఎర్రిస్వామి దగ్గరికి నడిచింది. "ఆ యమ్మకు పిల్లోళ్లు కలిగినారా? యాడన్నా ఉండారా?"

ఎర్రిస్వామి తల వంచుకున్నాడు. ఏ ప్రశ్నకూ తడుముకోని మనిషి.

"తెల్దమ్మా. మా తాత ఆ ఇంటికి పోలా. మా నాయన పోలా. నేనూ పోలా. అడిగేవాళ్లు లేని వంశం మేము నేర్చుకోము."

ఆయన మెట్లు దిగి వెళ్లిపోయాడు. ఎవరూ ఆపలేదు, నాతో సహా. రామసుబ్బమ్మ కొడుకు వైపు తిరిగింది.

"ఆమె తన గంజి తను తాగింటే మా మామ లేడు, మీ నాయన లేడు, నువ్వు లేవు. ఆమె వంశం యాడుందని ఆయప్పను అడిగితినే నాయనా, ఇంత మందిమి ఈడ కూర్చోని."

రంగప్ప చేతిలోని పుస్తకం మూసి, బల్ల మీది కట్టలను పంచకుండానే మళ్లీ బండికి ఎత్తమన్నాడు.