అన్నతో ఆడిన బేరం

బేరం మధ్యలో లేచి వెళ్లిపోవడంలో నన్ను మించినవాడు మా పాతబస్తీలో, హుస్సేనీ ఆలం బజారులోనే లేడు. ఎంత బాగా వెళ్లిపోయానంటే, సొంత అన్ననే పోగొట్టుకున్నాను.

మొన్న మలక్‌పేటలో చీరల దుకాణంలో రేటు కుదరక మా కోడలు నాలుగడుగులు వేసి, పిలుస్తారేమోనని ఆగింది. కౌంటరు దగ్గరి అమ్మాయి ఫోన్లోంచి తలెత్తలేదు. నాకు నవ్వొచ్చింది, ఆ వెంటనే కలుక్కుమంది.

మా బాపు పోయిన తర్వాత ఆయన ఇత్తడి సామాన్ల దుకాణం అన్నా నేనూ నడిపేవాళ్లం. బేరం కుదరక లేచి వెళ్లే గిరాకీని బజారు చివరి ఇరానీ హోటల్ మూల దాటకముందే "ఆవో భాయ్, లే జావో" అని, అడిగిన రేటుకే తీసుకుపొమ్మని వెనక్కి పిలవడం మా రివాజు. పిలిచినవాడు తగ్గినట్టు, పిలవకముందే వెనక్కి చూసినవాడు ఓడినట్టు. తొంభైలలో జనం ప్లాస్టిక్ బకెట్లకు ఎగబడుతుంటే మనమూ పెడదామన్నాను.

"ఇత్తడి దుకాణంల ప్లాస్టిక్ ఏందిరా? బజారంత నవ్వుతరు," అన్నాడు అన్న.

"గట్లయితే నువ్వే కూసో. నేను పోతున్న."

"పో! ఎవడు పట్టుకున్నడు?"

చెప్పులేసుకుని నడిచాను. హోటల్ మూల దగ్గర నడక తగ్గించాను, తెగని చెప్పును సర్దుకున్నాను కూడా. పిలుపు రాలేదు. వెనక్కి చూడటం నా వల్ల కాలేదు. అలా ఎండలో యాకుత్‌పురా స్టేషన్ దాకా నడిచి, రైలెక్కి, మలక్‌పేటలో బామ్మర్ది ఇంటికి చేరాను. అక్కడే ప్లాస్టిక్ దుకాణం పెట్టాను, మస్తుగా నడిచింది. అన్న పోయేదాకా, పద్నాలుగేళ్లు, నేను ఆయన గడప తొక్కలేదు, ఆయన కబురంపలేదు. పదకొండో రోజు కర్మకు వెళ్తే వదిన చెప్పింది. ఆనాడు నన్ను పిలవమని తను మొత్తుకుంటే, "ఆగవే, వాడే వస్తడు. పిలిస్తే రేటు పడిపోతది," అన్నాడట. ఒకే బాపు దగ్గర నేర్చిన విద్య మరి!

ఇప్పుడు ప్రతి వస్తువుకూ రేటు చీటీ అంటించి ఉంటోంది. పోయేవాడు పోతాడు, అలగడానికీ చోటు లేదు, బతిమాలడానికీ లేదు. ప్లాస్టిక్ సంగతిలో మాత్రం నాదే రైటు, అన్న లేచొచ్చి అడిగినా తగ్గను. కానీ ఆ రోజు మళ్లీ వస్తే, పిలవకపోయినా వెనక్కి తిరిగి దుకాణం మెట్లెక్కి, ఆ లొల్లేదో గద్దె మీద ఆయన పక్కనే కూర్చుని పెట్టుకుంటాను. నిజం చెప్పాలంటే, ఒక్క మాట నెగ్గించుకోవడానికి అన్నతో గడపాల్సిన పద్నాలుగేళ్లను ఇచ్చుకున్నాను. అంత రేటు పెట్టి కొన్న గిరాకీని మా బజారులో నేనెన్నడూ చూడలేదు.