పాలు పొంగిన పాఠం

మా అక్కకి నోరు పెద్దది. మనసూ పెద్దదే గాని, ముందు వినబడేది నోరే. పాత కంప్యూటర్లు బాగుచేసి, చదువుకునే పిల్లలకి చౌకగా అమ్మే దుకాణం మాది. ఒక మిషన్‌లో లెక్కలు, బొమ్మల నిఘంటువు, టైపింగ్ ఆటలు అన్నీ ఎక్కించి, మిగతావాటిలోకి దాన్నే కాపీ కొడతాం. దాన్ని తల్లి మిషన్ అంటుంది అక్క. లెక్కల పాఠంలో గొంతు మరీ చప్పగా ఉందని, "పిల్లలు నిద్రపోతార్రా" అంటూ వంటింట్లో కూర్చుని తన గొంతే రికార్డు చేసింది.

మొదటిసారి ఒక బడివాళ్ళు గదికి సరిపడా కంప్యూటర్లు తీసుకున్నారు. నెల వాడి చూసి, నచ్చకపోతే వెనక్కిచ్చేస్తామన్నారు. అవి తిరిగొస్తే ఇక దుకాణం మూసెయ్యడమే. అక్కకి తిండి సయించలేదు.

వారం తిరక్కుండానే పెద్ద పంతులమ్మ ఫోను. "మీ లెక్కల పాఠం పిల్లల్ని తిడుతోందండీ!"

ఇద్దరం పరిగెత్తాం. గదిలో ఒక పాప ఏడూ ఐదూ కలిపి నాలుగని కొట్టింది. వెంటనే మా అక్క గొంతు ఖంగుమంది.

"తప్పు. మళ్ళీ చెయ్యి... ఒరేయ్ మొద్దూ! పాలు పొంగిపోతుంటే గుడ్లప్పగించి చూస్తావేంట్రా, స్టవ్ కట్టెయ్!"

గదంతా పగలబడి నవ్వింది. ఆ మొద్దుని నేనే. రికార్డు చేస్తూ నన్ను పాల దగ్గర నిలబెట్టింది. చివరి ముక్క కత్తిరించడం మరిచిపోయి, అన్నిట్లోకీ కాపీ కొట్టేసింది మహాతల్లి!

"ఆ తిట్టు వినడానికే కావాలని తప్పులు చేస్తున్నారు. ఒక్కరూ సరిగ్గా చెయ్యరు. ఇలాగైతే ఇవన్నీ తీసుకెళ్ళిపోండి" అంది పెద్ద పంతులమ్మ.

అక్క మొహం మాడిపోయింది. "ఇప్పుడే తీసేస్తానమ్మా."

"వద్దూ!" అని పిల్లలంతా గోల.

అక్క వాళ్ళ వంక చూసి, కుర్చీ లాక్కుని కూర్చుంది. తిట్టుని తప్పు దగ్గర్నుంచి కత్తిరించి, పాఠం చివర వచ్చే శభాష్‌కి అతికించింది. ఇక లెక్కలన్నీ ఒప్పయితేనే తిట్టు.

నెలాఖరుకి పెద్ద పంతులమ్మ మళ్ళీ ఫోను చేసింది. "ఆటల గంట కొట్టినా లేవట్లేదండీ మా పిల్లలు! కంప్యూటర్లు ఉంచేసుకుంటాం. అన్నట్టు, వాళ్ళకి ఆ మొద్దుగారిని చూడాలనుందట."

నేను ససేమిరా అన్నాను. అక్క వింటేగా! ఇస్త్రీ చొక్కా తొడిగించి మరీ లాక్కెళ్ళింది. గుమ్మంలో అడుగు పెట్టానో లేదో, గదంతా ఒక్కసారిగా, "స్టవ్ కట్టెయ్!"

"కట్టేశాను!" అన్నాను నేనూ గట్టిగా.

అక్క నవ్వాపుకోలేక, కళ్ళు తుడుచుకుంటూ పిల్లల మధ్యే చతికిలబడింది.