జర్మన్ అంకుల్ చూపించిన మా తాతయ్య

నా చిన్నప్పుడు ఇంగ్లండ్‌లోని లీసెస్టర్‌లో మా పక్కింట్లో ఒక జర్మన్ అంకుల్ ఉండేవారు. సినిమాల్లో, టీవీలో వేషాలు వేయడం ఆయన వృత్తి. ఈ దేశం వచ్చిన కొత్తల్లో అన్నీ సైనికాధికారి వేషాలే ఇచ్చారట. అవీ చివర్లో తుపాకీ గుండుకి పోయేవే. తర్వాత గూఢచారి అయ్యారు, చర్చి ఫాదరయ్యారు, మతిమరుపు ప్రొఫెసరయ్యారు, ఒకసారి ఏకంగా రాజే అయ్యారు. మధ్యమధ్యలో జర్మనీ వెళ్లి అక్కడి సీరియల్లో డిటెక్టివ్‌గా చేసి వచ్చేవారు. ఏ వేషం కడితే ఆ మనిషే అయిపోవడం వల్ల బజారులో ఆయన్ని ఎవరూ గుర్తుపట్టేవారు కాదు. అందుకు కాస్త గర్వపడేవారు, కాస్త నొచ్చుకునేవారు కూడా.

మా నాయనమ్మకి మాత్రం ఏ విగ్గు పెట్టుకున్నా దొరికిపోయేవారు. మా తమ్ముడు పుట్టినప్పుడు సాయానికని ఆవిడ తెనాలి నుంచి వచ్చింది. తాతయ్య చచ్చినా విమానం ఎక్కనని అక్కడే ఉండిపోయారు. అమ్మానాన్నలిద్దరూ హాస్పిటల్ డాక్టర్లు. వాళ్ల డ్యూటీల రోటా ఎప్పుడు ఎటు తిరుగుతుందో వాళ్లకే తెలిసేది కాదు. అందుకని టీవీ ముందు నేనూ నాయనమ్మా మిగిలేవాళ్లం. తెరమీద పోయిన అంకుల్ మర్నాడు గుమ్మంలో పాలసీసా తీసుకుంటూ కనబడితే, "పోయాడనుకుంటే ఆయుష్షు పెరుగుద్దిలే" అని దీవించేది.

ఆ చలికాలంలోనే తాతయ్య పోయారని టెలిగ్రాం వచ్చింది. నిద్రలోనే ప్రాణం పోయిందట. నాన్న టికెట్ కోసం పరుగులు పెడుతుండగానే అక్కడ దహనం కూడా అయిపోయింది. నాయనమ్మకి కడచూపు దక్కలేదు.

ఆవిడ ఏడవలేదు. వంట చేసేది, తమ్ముడికి స్నానం చేయించేది, తన కంచంలో మాత్రం రెండు మెతుకులు కెలికి లేచిపోయేది. "కళ్లారా చూడందే పోయారని ఎట్టా నమ్మేది?" అనేది. కొన్నాళ్లకి మనిషి సగమైపోయింది. ఒక్కసారి గట్టిగా ఏడిస్తే బాగుండునని అమ్మ నాన్నతో అంటుంటే విన్నాను. నాయనమ్మ కూడా పోతుందేమోనని నాకు భయం పట్టుకుంది.

ఒక శనివారం మధ్యాహ్నం అంకుల్ పరామర్శకి వచ్చారు, చేతిలో తనే చేసిన కేకుతో. నాయనమ్మ ఆయన్ని కూర్చోబెట్టి నావైపు తిరిగింది.

"ఇన్నిసార్లు పోయాడుగా ఈయన! నిద్దర్లో పోయే మనిషి ఎట్టా పోతాడో ఒక్కసారి చూపిచ్చమని అడగవే. మీ తాతయ్యని చూసినట్టు అనుకుంటా."

ఇక్కడే పుట్టినదాన్ని, నాకు తెలుగు అర్థమయ్యేది కానీ నోరు తెరిస్తే ఇంగ్లీషే వచ్చేది. ఆ మాట ఇంగ్లీషులో ఆయనకి చేరవేశాను. నవ్వుతారేమో, లేచి వెళ్లిపోతారేమో అనుకున్నాను. ఆయన కుర్చీ నాయనమ్మకి ఎదురుగా జరుపుకున్నారు. తర్వాత, ఆ మనిషి ఎవరో తెలియకుండా తను ఏమీ చేయలేనన్నారు. ఎలా కూర్చునేవారు, చేతులు ఎక్కడ పెట్టుకునేవారు, కోపం వస్తే ఏం చేసేవారు అని అడిగారు.

నాయనమ్మ చెప్పింది. నాకు వచ్చినంతలో నేను చెప్పాను. అంకుల్ వంటింటి తువ్వాలు తీసి భుజాన వేసుకున్నారు. "అట్టా కాదు, ఎడం పక్క" అంది నాయనమ్మ. మార్చుకున్నారు. కుర్చీలో ఒక కాలు మడిచి కూర్చోవడానికి ఆ భారీ మనిషి నానా అవస్థా పడ్డారు. మాటకి ముందు గొంతు సవరించుకోవడం నేర్చుకున్నారు. మజ్జిగలో ఉప్పు తక్కువైతే తాతయ్య నోరు విప్పి చెప్పేవారు కాదట. గ్లాసు పక్కకి జరిపి పైకప్పుకేసి చూసేవారట. అంకుల్ గ్లాసు జరిపి, పైకి చూశారు.

"అదే! అచ్చం అదే మొహం!" అని నాయనమ్మ పకపకా నవ్వింది. ఆ నవ్వు ఎప్పుడు ఏడుపయిందో నాకు తెలియలేదు. "ఒక్క మాటన్నా చెప్పకుండా ఎట్టా పోయారండీ" అని ఆయన్ని చూస్తూ బావురుమంది. ఆ మాట నేను ఇంగ్లీషులోకి మార్చలేదు, అంకుల్ అడగలేదు. ఆవిడ ఏడ్చినంతసేపూ తాతయ్యలాగే కదలకుండా కూర్చున్నారు.

వెళ్లేటప్పుడు, పోవడం ఎందుకు చూపించలేదని గుమ్మం దగ్గర అడిగాను. "చావడం సులువమ్మా, కళ్లు మూసుకుంటే చాలు. మీ నాయనమ్మ చూడాలనుకున్నది ఆయన్ని" అన్నారు. ఆ సాయంత్రం నాయనమ్మ అన్నం కలుపుకుని కడుపునిండా తింది.

నేనూ డాక్టరునై, ఇక్కడ జీపీ అనే ఫ్యామిలీ డాక్టర్నయ్యాక, అయినవాళ్లని పోగొట్టుకున్నవాళ్లు ఎందరో నా క్లినిక్‌కి వచ్చారు. అందరూ ఆఖరి గంట గురించే చెబుతారు, ఆలస్యంగా వచ్చిన ఫోను గురించే చెబుతారు. అంతా విని, ఆ పోయిన మనిషికి కోపమొస్తే ఏం చేసేవారని అడుగుతాను. బయట పేషెంట్లు కాచుకుని ఉన్నారని రిసెప్షన్ అమ్మాయి విసుక్కున్నా సరే, ఆ జవాబు పూర్తయ్యేదాకా లేవను.

జర్మన్ అంకుల్ పోయినప్పుడు పత్రికలు ఆయన వేసిన వేషాలన్నీ రాశాయి. మా ఇంట్లో వేసింది వాళ్లకి తెలియదు. మా తాతయ్యని నేను ఎన్నడూ చూడలేదు. కానీ తాతయ్య అన్న మాట వింటే చాలు, ఈ వయసులో కూడా, నీలికళ్ల మనిషి ఒకాయన మజ్జిగలో ఉప్పు తక్కువైందని అలిగి కూర్చుని కనిపిస్తారు.