మా అన్న రాయించిన పుట్టిన తేదీ

ప్రభువునందు ప్రియమైన సహోదరులారా, సహోదరీలారా, నా పేరు రూతమ్మ, పులివెందులలో ప్రభుత్వ బాలికల హాస్టల్లో వంటమనిషిగా పనిచేసి పోయిన నెలలోనే రిటైరైనాను. మా అన్న మీద నేను పెంచుకున్న పగను దేవుడు ఎట్లా తీసేసినాడో ఆ సంగతి మీతో చెప్పుకోవాలని నిలబడినాను.

రెండేండ్ల కిందట ఆఫీసు నుంచి రిటైరయ్యేవాళ్ల పట్టీ వచ్చింది, చూస్తే అందులో నా పేరు ఉండాది! మా పెద్దమ్మ కూతురూ నేనూ ఒకే ఏడు పుట్టినామని ఇంట్లో అనేవాళ్లు, ఆమెకు చూస్తే ఇంకా నాలుగేండ్ల సర్వీసు ఉండాది, నాది అయిపోవచ్చింది. చిన్నప్పుడు అమ్మానాయన కూలికి పోతాంటే నన్ను బడిలో చేర్పించింది మా అన్న దానియేలు, పుట్టిన తేదీ చెప్పింది ఆయనే, బడిలో రాసిందే సర్వీసు రిజిస్టర్లోకి ఎక్కింది. ఇంకేముంది, ప్రొద్దుటూరులో ఉండే అన్నకు ఫోన్ చేసి, "వయసెక్కువ రాయించి నోటికాడి కూడు తీసేసినావు, ఇంక నా గడప తొక్కొద్దు" అన్నాను. ఆయన "సరేలే పాపా" అని ఫోన్ పెట్టేసినాడు. ఆయన మనవరాలి పెండ్లికి కూడా నేను పోలేదు. మోకరిస్తే అన్న ముఖమే కనపడేది, రొట్టె, ద్రాక్షరసం ఇచ్చే ప్రభువు బల్ల దగ్గరికి పోబుద్ధయ్యేది కాదు, వెనక బెంచీలో కూర్చొని లేచొచ్చేదాన్ని.

తేదీ మార్చమని అర్జీ పెడితే, పుట్టినప్పటి రికార్డు తెమ్మన్నారు. అదీ ఇదీ చేసుకుంటా ఆరు నెలల సర్వీసు మిగిలినప్పుడు, నేను పుట్టిన జమ్మలమడుగు ఆసుపత్రికి పోయినాను. రికార్డులు చూసే పాప శానా ఓపికగా వెదికి, మా అమ్మ పేరు, నాయన పేరు చదివి, తేదీ చూపిచ్చింది. సహోదరులారా, సర్వీసు రిజిస్టర్లో ఉన్నదానికంటే నేను ఒక ఏడు పెద్దదాన్ని! నా ఉద్యోగం ఆరు నెలల కిందటే అయిపోయుండాల్సింది.

"కాపీ రాసియ్యాల్నా అమ్మా?" అనింది ఆ పాప.

"కొంచెం తాళు తల్లీ" అని వరండాలోకి వచ్చినాను. తీసుకోకుండా పోతే ఎవరికీ తెలీదు. ఆఫీసులో ఇస్తే జీతం వెనక్కి కట్టమంటారేమో, పింఛనీ ఆపుతారేమో! ఆడనే కూర్చొని, "ప్రభువా, నేను అడిగింది ఒకటి, నువ్వు చూపిచ్చింది ఒకటి. నాకు భయమైతాంది. దీన్ని పట్టుకొని పోయే బలం నువ్వే ఇయ్యి తండ్రీ" అని ఏడ్చినాను. లేచి కాపీ తీసుకొని ప్రొద్దుటూరు బస్సెక్కినాను.

అన్న మంచం మీద కూర్చొని రొట్టె తింటాండాడు. కాగితం చేతిలో పెడితే చూసి తల వంచుకున్నాడు.

"అప్పటికే నీకు ఏడేండ్లు దాటినాయి పాపా. వయసెక్కువైందని అయ్యవారు చేర్చుకోడేమోనని ఒక ఏడు తగ్గించి చెప్పినా."

"నేను అన్ని మాటలంటే ఎందుకు చెప్పలేదన్నా?"

"ఎట్లా చెప్పేది? కోపంలో నువ్వు ఆఫీసులో అనేస్తే ఉన్న ఉద్యోగం కూడా పోతాది. నన్నే కదా తిడతాంది, తిట్టనీలే అనుకున్నా."

ఆయన కాళ్ల మీద పడిపోయినాను! వదిన వచ్చి లేపింది.

మరుసటి రోజు అన్న కూడా నాతో వచ్చి ఆఫీసు బయట నిలబడినాడు. నేను కాపీ ఇచ్చి, నా అర్జీ వద్దు సార్, నిజం ఇది అన్నాను. ఆఫీసరు రెండుసార్లు చదివి, "ఉద్యోగంలో చేరినప్పుడు రాసిందే ఖాయం, ఇప్పుడు పెంచేదీ లేదు, తగ్గించేదీ లేదు. పోయి పని చూసుకోమ్మా" అన్నాడు. దేవునికే మహిమ! ఆ ఆరు నెలలూ ఆ పిల్లోళ్లకు నెమ్మది గుండెతో వండిపెట్టినాను, ఆదివారం వస్తే అన్నతో కలిసి ప్రభువు బల్లలో పాలు పంచుకున్నాను.

మీలో ఎవరైనా తోడబుట్టినవాళ్లతో మాట మానుకొని ఉంటే, ఆరాధన అయినాక ఇంటికి పోవద్దండి, నేరుగా వాళ్ల దగ్గరికే పోండి. పోయేదానికి కాళ్లు రాకుంటే ప్రభువును అడగండి, ఆయన మీకంటే ముందే ఆడికి పోయి ఉంటాడు. ఆమెన్.